నేను ఎక్కని మేడ

ముప్పై ఏళ్లు దాటిన ఉద్యోగంలో ఎన్ని కట్టడాల కాగితాల మీద సంతకం పెట్టానో నాకే గుర్తు లేదు. బడులు, వంతెనలు, ఆసుపత్రి గదులు, లాకుల పక్కన క్వార్టర్లు. అన్నిటిలోనూ అడుగుపెట్టి, గోడ తట్టి, చుట్టూ తిరిగి చూశాకే సంతకం పెట్టాను. ఒక్క మేడ మాత్రం మినహాయింపు. దాని పై అంతస్తు గట్టిగా ఉందని రాసిచ్చింది నేనే, ఆ అంతస్తులో ఇప్పటికీ కాలు పెట్టనిదీ నేనే. కొత్తగా ఇంజనీర్లయిన పిల్లలకి ఈ సంగతి చెబితే, పెద్దాయన ఏదో దాచేస్తున్నాడన్నట్టు ఒకళ్ల మొహం ఒకళ్లు చూసుకుంటారు. దాచడానికేమీ లేదు కాబట్టి మొత్తం చెబుతున్నాను.

మాది గుడివాడ. బందరు పోస్టింగంటే రోజూ బస్సులో వెళ్లి రావడమే. నా పని పాత ప్రభుత్వ కట్టడాల మరమ్మతులు. అలాంటి రోజుల్లో పక్క జిల్లాలో ఎక్కడో పాతకాలపు మేడ వసారా ఒకటి కూలింది. మనుషులకేమీ కాలేదు గానీ, పదిమందీ చేరే పాత కట్టడాలన్నీ పరీక్షించమని మాకు ఆర్డరొచ్చింది. బందరు వరకు ఆ బాధ్యత నా నెత్తిన పడింది. ఊళ్లో అందరికీ తెలిసిన పాత కట్టడం మహిళా సమాజం. ఆటోవాళ్లు లేడీస్ క్లబ్బంటారు. మనిషెత్తుకి మించిన ప్రహరీ, లోపల సున్నపు గోడల మేడ, కింద హాలు, పైన హాలు. పెళ్లికూతురి దగ్గర్నుంచి ప్లీడరమ్మ దాకా ఆ ఊరి ఆడవాళ్లలో దాని గేటు దాటనివాళ్లు తక్కువ.

నేను వెళ్లేసరికి అధ్యక్షురాలు వసారాలో కూర్చుని కుట్టుమిషను క్లాసుకి హాజరు తీస్తున్నారు. డెబ్బై దాటిన మనిషి, రిటైరైన హిందీ టీచరు. సన్నగా, నిటారుగా ఉంటారు. కింద హాలంతా ఓపిగ్గా చూపించారు. తలెత్తి చూస్తే లావుపాటి టేకు దూలాలు, వాటి మీద ఇటుక వరసలు. పైనున్న గచ్చు నేల బరువంతా మోసేది ఆ దూలాలే. హాలు మూల గదిలో మేడమెట్లున్నాయి. వాటి మొదట్లో ఒక తలుపు. అటు నడిచాను.

"అక్కడిదాకానేనండీ," అన్నారావిడ.

"పైన చూడాలి కదండీ."

"చూడాల్సిందేనండీ. మీరు కాదు."

నాకు అర్థం కాలేదు. అర్థమయ్యాక కోపమొచ్చింది. ఆ మేడ మీదికి మగవాళ్లు ఎక్కరట. కలెక్టరైనా సరే, కరెంటు పనివాడైనా సరే. వైరింగు చేసింది ఐటీఐ చదివిన ఒక సభ్యురాలి కూతురట.

"ఎక్కడ రాసుందండీ ఈ రూలు?" అన్నాను కాస్త గట్టిగానే.

"ఎక్కడా రాయలేదు ఇంజనీరు గారూ. రాసుంటే ఎవరో ఒకరు ఎప్పుడో కొట్టేసేవారు," అన్నారు. "కూర్చోండి, కాఫీ తాగి మాట్లాడుకుందాం."

ఆ కాఫీ దగ్గర విన్నాను ఆ మేడ కథ. స్వాతంత్ర్యం రాకముందు ఊళ్లోని కొందరు ఆడవాళ్లు, నగలిచ్చినవాళ్లు నగలు, ఇటుకలిచ్చినవాళ్లు ఇటుకలు ఇచ్చి కింద హాలు కట్టుకున్నారట. సమావేశం పెడితే సలహా చెప్పడానికని భర్తలూ మామగార్లూ వచ్చి కుర్చీల్లో కూర్చునేవారు. కుర్చీలు చాలక ఆడవాళ్లు గోడకి ఆనుకుని నిలబడేవారు. అలా కొన్నేళ్లు నిలబడి నిలబడి, మళ్లీ చందాలు వేసుకుని పైన ఇంకో హాలు కట్టారు. దూలాలెత్తింది మగ కూలీలే. కానీ సున్నం, ఇటుకపొడి కలిపి గచ్చు పోశాక, దాన్ని రోజుల తరబడి చెక్క దిమ్మిసలతో కొట్టి గట్టిపరిచింది మాత్రం ఆడకూలీలు, వరసగా కూర్చుని పాటలు పాడుకుంటూ. కొట్టడం అయిన రోజున మొదటి అధ్యక్షురాలు మెట్ల మొదట్లో తలుపు పెట్టించి, ఇక్కణ్ణుంచి పైకి మనమే అన్నారట. అంతే. దానికి తీర్మానం లేదు, బోర్డు లేదు.

ఈ ప్రహరీ ఇంత ఎత్తెందుకో కూడా అప్పుడే తెలిసింది. ఊళ్లో ఆడపిల్లలు మొదట సైకిలు నేర్చుకున్నది ఆ గోడ లోపలేనట. పడితే ఎవరూ చూడకూడదని రెండు వరసలు ఎత్తు లేపారు. "నేనూ ఇక్కడే పడ్డాను," అని మోచేయి మీది మచ్చ చూపించారావిడ. దివిసీమ ఉప్పెనప్పుడు అటునుంచి వచ్చిన ఆడవాళ్లూ పిల్లలూ తలదాచుకున్నదీ, బడి మానేసిన కోడళ్లు హిందీ పరీక్షలకి చదువుకున్నదీ పైహాల్లోనే.

"కూల్చాలంటారా?" అని అడిగారు చివర్న. గొంతు మామూలుగానే ఉంది గానీ, చేతిలో కాఫీ గ్లాసు ఖాళీ అయి చాలాసేపైనా కింద పెట్టలేదు.

ఆ ప్రశ్న ఎందుకంత బరువైనదో నాకు తెలుసు. మేడ పనికిరాదని రాస్తే కూల్చాలి. కూల్చి కొత్తది కట్టాలంటే, ఇప్పటి నిబంధనల ప్రకారం ముందు రోడ్డుకీ చుట్టూ ఖాళీకీ స్థలం వదలాలి. అదంతా వదిలితే మిగిలేది రెండు గదుల ఇంటికి కూడా చాలదు. అంటే మేడ పోతే సమాజమే పోయినట్టు.

ఆఫీసుకొచ్చి మా పై అధికారి దగ్గర చిందులు తొక్కాను. ఆయన ఫైల్లోంచి తలెత్తలేదు. "మా ఆవిడ అందులో మెంబరయ్యా. నేను ఆ ఇంట్లోనే బతకాలి," అన్నారు. తర్వాత తీరిగ్గా, "మనకి కొత్త ఏఈ అమ్మాయి వచ్చిందిగా. ఆమెని పంపు," అన్నారు.

ఏఈ అంటే మా లెక్కలో నా కింది ఇంజనీరు. అవనిగడ్డ పిల్ల. ఉద్యోగంలో చేరి ఏడాది కాలేదు. పుస్తకంలో ఉన్నదంతా నోటికొచ్చు, నోరు కూడా కాస్త జోరే. పైకి వెళ్లి సాయంత్రానికి కొలతలతో దిగింది.

"నేల అద్దంలా ఉంది సార్. పగుళ్లు లేవు. కానీ రెండు దూలాల కొసలు గోడలోకి వెళ్లిన చోట చెమ్మ కనిపిస్తోంది. లోపల ఎంత తిన్నదో చూడాలంటే గోడ తవ్వాలి."

తవ్వితే ఆ పాత సున్నపు గోడ నిలవదు. మరో దారి బరువు పరీక్ష. నేల మోయాల్సిన బరువుకి కొంత ఎక్కువే తెచ్చి పైన పేరుస్తారు. కింద దూలానికి తగిలేలా గడియారం లాంటి డయల్ గేజిని నిలబెడతారు. దూలం వెంట్రుకవాసి వంగినా దాని ముల్లు కదులుతుంది. ఒక రోజంతా బరువు ఉంచి, తీసేసి, ముల్లు ఎంతవరకు వెనక్కి వచ్చిందో చూస్తారు. వంగిన దూలం తిరిగి లేస్తే దానిలో సత్తువ ఉన్నట్టు. లేవకపోతే అయిపోయినట్టే.

ఇది చెబుతుంటే నాకే నవ్వొచ్చింది. గేజిలు చూసేది కింద హాల్లోంచే. పైన బరువు పేర్చేది వాళ్లయితే, వాళ్ల రూలుకీ నా పరీక్షకీ తగువే లేదు.

మామూలుగా ఇసుక బస్తాలు పేరుస్తాం. అధ్యక్షురాలు ఒప్పుకోలేదు. "ఇసుక రాలి గచ్చు గీసుకుపోతుందండీ. ధాన్యం పెడితే బరువు కాదా?" అన్నారు.

ధాన్యం కూడా బరువేనన్నాను. అదీ కోతలైన కొత్తలో. ఆ మాటతో ఎక్కడెక్కడి సభ్యులూ కదిలారు. ఘంటసాల నుంచి ఒకావిడ ట్రాక్టరు పంపింది. పమిడిముక్కల నుంచి ఇద్దరు తోడికోడళ్లు, ఇంట్లో మాట్లాడుకోనివాళ్లు, ఒకే ఆటోలో చెరోవైపు బస్తాలేసుకుని వచ్చారు. పొలాల్లేనివాళ్లు తలా ఇంత కొలిచి తెచ్చారు. వసారాలో కాటా పెట్టుకుని ప్రతి మూటా నేనే తూచాను.

మోయడం ఎలాగన్నది నా భయం. మగ కూలీలు తలుపు దగ్గరే ఆగిపోవాలాయె. ఆ పని హార్బరు వైపు నుంచి వచ్చిన సభ్యులు తీసుకున్నారు. చేపల బుట్టలు మోసి ఊరంతా తిరిగి అమ్మే ఆడవాళ్లు వాళ్లు. వాళ్లలో పెద్దామె ఒకతి, చీర కుచ్చెళ్లు ఎత్తి దోపుకుని కాటా ముందు నిలబడింది.

"బస్తాని సగం సగం చేయించమంటావా అమ్మా?" అన్నాను.

"సగం ఎందుకు బాబుగారూ, తడిసిన చేప కంటే బరువా ఏంటి," అని మూటెత్తుకుని, "కానీ చెయ్యండిలే, లోపల టీచరమ్మలు కూడా మోస్తానంటన్నారు. ఆళ్ల నడుములు పోతే మళ్లీ మా మీదకొస్తది," అంది.

సగం బస్తాలే చేయించాం. టీచరమ్మలూ, డాక్టరమ్మా, పెడన నుంచి వచ్చిన కలంకారీ అద్దకం ఆవిడా మెట్ల మీద వరసగా నిలబడి చేతుల మీదుగా అందించుకున్నారు. బరువెక్కువైన మూటలు మాత్రం హార్బరు వాళ్ల తలలకెక్కాయి. మధ్యలో మా పై అధికారి భార్య మెట్టు మీద కూలబడి, "ఇంట్లో గ్యాసు సిలిండరు జరపమంటే మా ఆయన నడుం నొప్పంటారు, చూడండి నా కర్మ," అంటుంటే మెట్లన్నీ నవ్వాయి. ఉద్యోగంలో అంత సరదాగా సాగిన పని నాకు మరొకటి గుర్తు లేదు. ఎండ దిగేలోపు పేర్పు పూర్తయింది. ముల్లు కాస్త కదిలి, నేను అనుకున్న చోటే ఆగింది. ఏఈని పిలిచి మరీ చెప్పాను.

"రేపటిదాకా పైన ఈగ కూడా వాలకూడదు. తలుపుకి తాళం వేసి చెవి నీ దగ్గరే ఉంచు."

"అలాగే సార్," అంది.

మర్నాడు పొద్దుటి రీడింగు బాగానే ఉంది. దూలం నిలకడగా ఉంది. టిఫిను తిందామని సెంటరుకి వెళ్లాను. అక్కడ పాత సహోద్యోగి ఒకడు తగిలి, ఇద్దరం పింఛన్ల గురించి తిట్టుకుంటూ కూర్చుని, ఆలస్యంగా వచ్చాను. వచ్చి గేజి చూశాను. ముల్లు నేను వదిలిన చోటు దాటి చాలా దూరం పోయింది. పోయి ఆగిందా అంటే అదీ లేదు. అటూ ఇటూ వణుకుతోంది.

చెమ్మ పట్టిన దూలం కొస విరుగుతోందనే అనుకున్నాను. మనసులో రిపోర్టు కూడా రాసేసుకున్నాను. అధ్యక్షురాలికి ఆ మాట ఎలా చెప్పాలా అని వెతుక్కుంటున్నాను. అప్పుడు వినిపించింది చప్పుడు. దూలం విరిగే చప్పుడు కాదు. పైన లయగా అడుగులు పడుతున్నాయి. అడుగులతోపాటు కర్రల టకటక. దానితోపాటు పాట.

కోలాటం.

మెట్ల గదిలోకి పరిగెత్తాను. తలుపు బార్లా తీసి ఉంది. అడ్డుకునేవాళ్లెవరూ లేరు. గడప మీద ఆగిపోయాను. ఎందుకు ఆగానని అడిగితే, నా బరువు కూడా తోడవుతుందని భయపడ్డానని చెబుతుంటాను. అది అబద్ధం. ఆ గడప నన్ను ఆపింది, అంతే.

"ఆపండి," అని అరిచాను. "దిగండి అందరూ. మెల్లిగా, ఒక్కొక్కరే."

పాట ఆగింది. మొదట దిగింది మా ఏఈ. చేతిలో కోలాటం కర్రలు, కాళ్లకి పసుపు, నుదుట రూపాయంత కుంకుమ, జడలో మూరెడు పూలు.

"ఏంటమ్మాయ్ ఇది?" అన్నాను.

"సార్, అది... పొద్దున్నే పెద్దవాళ్లు వచ్చారు సార్. ఇంత ధాన్యం ఇంట్లోకొస్తే పసుపూకుంకుమా పెట్టకుండా ఉంచకూడదన్నారు. నిజమే కదా, మా ఇంట్లోనూ పెడతారు కదా అనిపించింది. తాళం తీశాను. హారతి ఇచ్చాక ఊరుకుంటారనుకున్నాను సార్. పేరంటం కూడా పెట్టుకున్నారు. తర్వాత..."

తర్వాత సంగతి ఆమె చేతిలోనే ఉంది. నేను నా ధ్యాసంతా బరువు మీద పెట్టాను. వాళ్లకది బరువు కాదు, ఇంటికొచ్చిన ధాన్యలక్ష్మి. పరీక్ష సామాను చుట్టూ కోలాటం ఆడిన చోటు ప్రపంచంలో ఇంకెక్కడైనా ఉంటుందా అని నాకిప్పటికీ అనుమానమే.

ఆమెని తిట్టడానికి తీరిక లేదు. వెనక్కి గేజి దగ్గరికి పరిగెత్తాను. పైనుంచి దిగుతున్నారు, దిగుతూనే ఉన్నారు. కింద హాలంతా ఆడవాళ్లే అయింది. అందరి మొహాలూ ఒక్కసారిగా పాలిపోయాయి. నేను ముల్లు మీంచి కళ్లు తీయలేదు. నలుగురు దిగేసరికి కాస్త వెనక్కి వచ్చింది. మరికొందరు దిగేసరికి ఇంకొంచెం. వణుకు తగ్గింది. హార్బరు పెద్దామె మెట్ల మీంచి బరువుగా దిగుతుంటే స్పష్టంగా ఓ గీత వెనక్కి జరిగింది.

చివరగా అధ్యక్షురాలు దిగారు. గోడ పట్టుకుని నా పక్కకొచ్చి నిలబడ్డారు.

"మేమే చేసుకున్నామా ఇంజనీరు గారూ?" అన్నారు. అంతకుముందు ఎప్పుడూ ఆవిడ గొంతు అంత చిన్నగా వినలేదు.

"ఇటు రండి. మీరే చూడండి," అన్నాను.

ముల్లు పొద్దున నేను రాసుకున్న రీడింగు దగ్గరికొచ్చి నిలబడింది. గీత తేడా లేదు.

"ఇది మంచికా, చెడ్డకా?"

"మంచికేనండీ. పరీక్షకి పెట్టాల్సిన బరువు పైనుండగానే మీరంతా ఎక్కి గెంతారు. దూలం వంగింది, మీరు దిగగానే లేచింది. దీనికంటే మంచి నేను కోరను."

ఆవిడ పక్కనున్న బల్ల మీద కూర్చుని, పైట కొంగు నోటికడ్డం పెట్టుకుని ఏడ్చారు. వెంటనే నవ్వారు. నాకూ కళ్లు చెమర్చాయి. ఇది చెప్పడానికి నాకేమీ మొహమాటం లేదు.

గడువు అయ్యాక బస్తాలన్నీ దింపించాం. ముల్లు దాదాపు మొదట ఉన్న చోటికి వచ్చింది. చెమ్మ తగలకుండా ఆ రెండు కొసల దగ్గర గోడకి మరమ్మతు చేయిస్తే చాలు, మేడ వాడుకోవచ్చని రిపోర్టు రాశాను. జరిగింది దాచకుండా, నిర్ణీత బరువుతోపాటు సమాజం సభ్యుల బరువు కూడా పడిందని అందులో చేర్చాను. మా పై అధికారి అక్కడే ఆగారు.

"సభ్యుల బరువంటే ఎంతయ్యా? అంకె కావాలి."

"అడగమంటే అడుగుతాను సార్. మేడమ్ గారితోనే మొదలెడతాను."

ఆయన ఫైలు మూసేసి, "వద్దులే," అన్నారు. అప్పటికే మా ఏఈ ఉత్సాహంగా వెళ్లి అడిగేసి వచ్చింది. వయసు చెప్తాం, బరువు చెప్పం అన్నారట. రిపోర్టు అంకె లేకుండానే వెళ్లింది.

ఆమెని ఒకసారి నిలదీశాను. "నిజం చెప్పు. మర్చిపోయి ఎక్కనిచ్చావా, కావాలనా?"

"సార్, బస్తాలు కదలవు కదా," అంది. "ఆ హాల్లో రేపటినుంచి ఉండేవి బస్తాలు కావు."

అది జవాబో, తప్పించుకోవడమో నాకు తేలలేదు. ఇప్పుడు ఆమె నాకంటే పెద్ద హోదాలో ఉంది. మొన్న ఫోను చేసినప్పుడు మళ్లీ అడిగితే, సిగ్నలు సరిగా లేదు సార్ అని పెట్టేసింది. పిల్లలూ, పుస్తకంలో ఉన్న బరువు పెట్టి చూడండి, తప్పకుండా చూడండి. ఆ తర్వాత ఆ నేల మీద బతికేవాళ్లెవరో, ఏం చేస్తారో కూడా ఒకసారి ఆలోచించండి. నాకా బుద్ధి వాళ్ల కోలాటం వల్ల వచ్చింది.

మరమ్మతు పూర్తయ్యాక సమాజంవారు భోజనాలు పెట్టారు. పరీక్షకొచ్చిన ధాన్యంలో కొంత ఆడించి వండారు, మిగిలింది హాస్టళ్లకి పంచారు. నన్నూ మా ఆవిణ్ణీ పిలిచారు. గేటు దాటగానే మా ఆవిడని నలుగురు చుట్టుముట్టి పైకి తీసుకుపోయారు. అధ్యక్షురాలు నా దగ్గరికొచ్చి నిలబడ్డారు. మొహంలో నవ్వు ఆపుకుంటున్నారు.

"మీకొక మాట చెప్పాలండీ. మిమ్మల్ని ఈ ఒక్కరోజుకి పైకి పిలిచి సన్మానం చేద్దామని తీర్మానం పెట్టాం. మా చరిత్రలో ఇలాంటి తీర్మానం ఇదే మొదటిది. నేనే ప్రవేశపెట్టాను."

నాకు కొంచెం గర్వంగానే అనిపించింది. చొక్కా సర్దుకున్నాను కూడా.

"ఓడిపోయిందండీ," అన్నారావిడ. "గట్టిగానే ఓడిపోయింది. ఈమధ్యే మాలో చేరిన మీ ఏఈ అమ్మాయి కూడా వద్దనే చెయ్యెత్తింది."

పగలబడి నవ్వాను. సన్మానాలు చాలానే చూశాను, శాలువాలు ఇంట్లో మూలుగుతున్నాయి. ఆ ఓటమి ఇచ్చినంత ఆనందం ఒక్క శాలువా కూడా ఇవ్వలేదు. నిలబెట్టింది నేనే కదా అని వాళ్లు తలుపు తీసేసి ఉంటే, అది ఆ మేడ అయ్యేది కాదు. మరి నేను దేన్ని నిలబెట్టినట్టు?

నాకు కింద హాల్లో, గేజి నిలబెట్టిన దూలం కిందే ఆకు వేశారు. పులిహోర, గోంగూర, చేపల పులుసు. పులుసు హార్బరు పెద్దామె చేతిది. ఆమె వడ్డించేసి, "ఇంక మేం పోవాల బాబుగారూ, మొదలెట్టేత్తన్నారు," అని మెట్లెక్కేసింది. తలుపు పడింది. కాసేపటికి పైన పాట అందుకున్నారు. అడుగులు మొదలయ్యాయి. కర్రలు మోగాయి. ఈసారి మేడకేమవుతుందోనన్న భయం ఎవరికీ లేదని ఆ అడుగుల బరువులోనే తెలుస్తోంది. అన్నిటిలో మా ఆవిడ అడుగు ఏదో పట్టుకుందామని చూశాను గానీ దొరకలేదు.

దూలం సందులోంచి చిటికెడు సున్నం రాలి నా ఆకులో పడింది. ఉద్యోగంలో చేరిన నాటినుంచి అలాంటిది చూస్తే లేచి నిలబడి, తలెత్తి, టార్చి అడిగే మనిషిని నేను. ఆ రోజు తలెత్తలేదు. ఆకు కాస్త పక్కకి జరుపుకుని, మారు అన్నం వడ్డించుకున్నాను.